తస్బీహ్‌కి ఏరిన గుల్లలు

సిలార్‌కు కోపం వచ్చింది. మామూలు కోపం కాదు. న్యాయం తన పక్కనే ఉందని గట్టిగా నమ్మినవాడికి వచ్చే కోపం. ఆ రకం కోపానికి ఆకలి వేయదు, అలసట రాదు, అన్నిటికన్నా ముఖ్యంగా అనుమానం రాదు.

తెల్లవారుజాము నమాజు ముగించి వసారాలోకి వచ్చి చూస్తే, గూట్లో పెట్టిన చేటలో గుల్లలు సగానికి సగం లేవు.

సముద్రంలోకి చొచ్చుకొచ్చిన రాతిగుట్ట మీద చిన్న దర్గా అది. ఎప్పుడో పడవ దిగి వచ్చిన ఒక ఫకీరు సమాధి, దాని పక్కన సున్నం కొట్టిన వసారా, వెనక ఒక వంటపాక. అంతే. దాన్ని కనిపెట్టుకుని ఉండే ముసలి గురువును కింద పేటలోని జాలరులు గొంగళి బాబా అనేవాళ్ళు. ఎండాకాలంలో కూడా గొంగళి కప్పుకునే ఉండేవాడు మరి. శిష్యులు మాత్రం హజరత్ అని పిలిచేవాళ్ళు. శిష్యులంటే ఎందరో కాదు. వంట చూసుకునే ఖాజావలి, ఈ మధ్యనే వచ్చి చేరిన సిలార్.

సిలార్ పూసలు గుచ్చే ఇంట పుట్టినవాడు. చేతిపని తెలుసు, చదువూ తెలుసు. ఏది పాక్, ఏది కాదు, ఏ నీళ్ళు శుద్ధమైనవి, ఏ నీళ్ళతో నమాజుకు ముందు కాళ్ళూ చేతులూ కడిగి వజూ చేసుకోకూడదు, ఇవన్నీ అడిగినవాళ్ళకూ చెప్పేవాడు, అడగనివాళ్ళకూ చెప్పేవాడు.

ఆ వానాకాలంలో బాబా తస్బీహ్ తెగిపోయింది. దేవుడి పేర్లు తలుచుకుంటూ తిప్పే చెక్కపూసల మాల. తడిమెట్ల మీద దారం తెగి పూసలన్నీ దొర్లుకుంటూ సముద్రంలోకి పోయాయి. "వేళ్ళకు కణుపులున్నాయిగా," అన్నాడు బాబా. ఆ రోజు నుంచి బొటనవేలితో కణుపులు లెక్కపెట్టుకుంటున్నాడు.

సిలార్‌కు మనసొప్పలేదు. దర్గాలో ఏటా జరిగే ఉరుసు వస్తోంది. గంధం తీసే రోజున, తన చేత్తో గుచ్చిన తస్బీహ్‌ను గురువు చేతిలో పెట్టాలనుకున్నాడు. అందరూ చూస్తుండగా పెట్టాలనుకున్నాడు. అందులో ప్రేమ ఉంది, కాదనను. కానీ ఆ చివరి ముచ్చట కూడా ఉంది.

గుట్ట కింద, అలలు అందని ఎత్తులో, తుంపర మాత్రమే పడే రాళ్ళ పగుళ్ళలో అతనికి గుల్లలు కనిపించాయి. కందిగింజంతవి. బూడిదరంగు మీద నీలి ఛాయ, చుట్టూ వరసలు వరసలుగా చిన్న చిన్న బొడిపెలు. దేవుడే వీటిని పూసలుగా చేసి పెట్టాడనుకున్నాడు. ఎండకు రాయి పెనంలా కాలుతోంది. నీటిచుక్క లేదు. ఒక్కో గుల్ల నోటికీ గోధుమరంగు పొర ఒకటి ఎండి అంటుకుని ఉంది. ఒకదాన్ని చెవి దగ్గర పెట్టుకుని ఊపాడు. చప్పుడు లేదు. ఎప్పుడో చచ్చిపోయినవే అనుకుని, తస్బీహ్‌కి సరిపోయి ఇంకా మిగిలేటన్ని ఏరుకొచ్చాడు.

వసారాలో కూర్చుని ముందుగా ఒకదానికి బర్మాతో బెజ్జం వేసి చూశాడు. బర్మా మొనకు తడి అంటింది. ఉప్పునీరేదో లోపల మిగిలి ఉంటుందిలే అని తుడిచేశాడు. ఆ గుల్ల నిలువునా చీలింది. విసుక్కుని ముంగిట్లోకి విసిరేశాడు.

మిగతావాటిని బెజ్జం వేసే ముందు శుద్ధి చేయాలనిపించింది. దేవుడి పేర్లు మోసే పూసలు కదా. గుట్ట మీద మంచినీళ్ళు అపురూపం. ఇసకలో తవ్విన చెలమ నుంచి మోసుకు రావాలి. "సముద్రం నీళ్ళు పాకే. వాటితో వజూ కూడా చెల్లుతుంది," అని ఖాజావలికి అడక్కుండానే చెప్పి, కిందికి దిగి చెంబెడు సముద్రపు నీళ్ళు తెచ్చాడు. బిస్మిల్లా అంటూ గుల్లల మీద పోశాడు, కడిగాడు, మళ్ళీ పోశాడు. చేటలో తడిగుడ్డ పరిచి, వాటిని అందులో వేసి గూట్లో పెట్టాడు. ఇంతలో సాయంత్రం అజా పిలుపు వినిపించింది. నమాజుకు వెళ్ళిపోయాడు.

తెల్లారి చూస్తే ఇదీ సంగతి.

ముంగిట్లో అసిరమ్మ ఊడుస్తోంది.

అసిరమ్మది జాలరిపేట. రోజూ పొద్దున్నే గుట్టెక్కి, ముంగిలి ఊడ్చి, చెలమ నీళ్ళు తెచ్చి పోసి వెళ్ళేది. కూలి తీసుకునేది కాదు. ఆ ఇంటికి ఒక హక్కు ఉంది. ఉరుసునాడు గంధం అరగదీసే సాన మీద పడే మొదటి నీళ్ళు ఆ ఇంటి ఆడమనిషి తెచ్చినవే కావాలి. పడవ దిగి దాహంతో పడిపోయిన ఆ ఫకీరు నోట్లో మొదటి గుక్క పోసింది ఆ ఇంటి ఆడమనిషేనని చెప్పుకుంటారు. ఆ కుండ అత్త చేతి నుంచి కోడలి చేతికి వస్తోంది. అసిరమ్మకు ఆస్తి అంటూ ఉంటే అదే.

గంధం ఆ మర్నాడే. పొరుగూళ్ళ నుంచి భక్తులు అప్పుడే వచ్చి ముంగిట్లో చేరుతున్నారు.

"అసిరమ్మా, చేట ముట్టుకున్నావా?" అన్నాడు సిలార్. నిన్నటిదాకా అమ్మా అని పిలిచేవాడు.

"ఏ సేట?"

"గూట్లో చేట! నువ్వు తప్ప ఇటు ఎవరొచ్చారు? దేవుడి పేరు కోసం కడిగి పెట్టిన గుల్లలమ్మా అవి! గంపలో వేసుకుని సంతలో అమ్ముకోవడానికి కాదు!"

జనం చుట్టూ మూగారు. అసిరమ్మ చీపురు పట్టుకుని అలాగే నిలబడింది. సిలార్ కళ్ళు ఆమె నడుము దగ్గర ఆగాయి. కొంగు చివర చిన్న ముడి, బొడ్లో దోపి ఉంది.

"ఆ ముడిలో ఏముంది? విప్పు."

ఆడమనిషి కొంగు ముడి! అందులో తలనొప్పి మాత్ర ఉంటుంది, తమలపాకు ముక్క ఉంటుంది, ఎవరికీ చెప్పుకోలేని గుర్తు ఏదైనా ఉంటుంది. ఏమీ లేకపోయినా అది ఆమెది. తల్లి వయసున్న మనిషిని పట్టుకుని పదిమందిలో దాన్ని విప్పమన్నాడు. చదువుకున్నవాడు. ఏది శుద్ధమో ఏది కాదో ఊరందరికీ చెప్పేవాడు.

అసిరమ్మ ముఖం ఒక్కసారి కందిపోయింది. పెదవులు కదిలాయి. నోరు గట్టిగా మూసుకుని, చీపురు గోడకు ఆనించి, తన ఖాళీ కుండ తీసుకుని మెట్లు దిగి వెళ్ళిపోయింది.

"చూశారా? తప్పు చేయని మనిషైతే మాట్లాడదా?" అన్నాడు సిలార్.

ఎవరూ కాదనలేదు. ఇన్నేళ్ళుగా ఆమె మోసిన నీళ్ళు తాగుతున్న ఖాజావలి కూడా కిమ్మనలేదు. పైగా తలూపాడు. నిజం చెప్పాలంటే నాకు సిలార్ మీద కన్నా వాడి మీదే ఎక్కువ మంట. సిలార్‌కు తను నమ్మింది ఒకటుంది, అది తప్పే అయినా. వీడికి అదీ లేదు. పదిమంది ఎటు ఊపితే అటు ఊపే తల అది.

సిలార్ సరాసరి బాబా దగ్గరికి వెళ్ళాడు. సమాధి వెనక బండ మీద కూర్చుని సముద్రం వైపు చూస్తున్నాడు బాబా. బొటనవేలు కణుపుల మీద నడుస్తోంది.

"హజరత్, రేపు ఆమె కుండ నీళ్ళు గంధంలో పడకూడదు."

"ఎవరి కుండ?"

"అసిరమ్మది. దొంగ తెచ్చిన నీళ్ళు పాక్ కావు."

బొటనవేలు ఆగింది. "ఏం పోయాయి?"

సిలార్ చెప్పాడు. దాచి ఉంచిన తస్బీహ్ ముచ్చట కూడా చెప్పేయాల్సి వచ్చింది. అందుకు కూడా అతనికి అసిరమ్మ మీదే కోపం వచ్చింది.

"గుల్లలు ఖాళీవేనా?" అని అడిగాడు బాబా.

"ఖాళీవే హజరత్. ఎప్పుడో చచ్చినవి. నేను చూశాను."

"ఎట్లా చూశావు?"

"చెవి దగ్గర పెట్టుకుని ఊపాను. పలకలేదు. నోరు మూసుకుని ఉన్నాయి."

"మరి ఆమె దొంగ అని ఎట్లా చూశావు?"

"అడిగాను. పలకలేదు. నోరు మూసుకుని వెళ్ళిపోయింది."

బాబా సముద్రం వైపు నుంచి ఇటు తిరిగాడు. "మిగిలినవి పట్టుకురా. బర్మా కూడా తీసుకురా. నా ఎదుటే ఒకదానికి బెజ్జం వెయ్యి."

సిలార్‌కు ఉత్సాహం వచ్చింది. హజరత్ తన పక్షమే అనుకున్నాడు. చేటా బర్మా తెచ్చి ఎదుట కూర్చుని, బాగున్న గుల్ల ఒకటి ఏరి మొన ఆనించాడు.

"ముందు కడుగు," అన్నాడు బాబా.

"నిన్ననే కడిగాను హజరత్."

"దేవుడి పేరు మోసేది. ఇంకోసారి కడిగితే అరిగిపోతుందా?"

చెంబులో నిన్నటి సముద్రపు నీళ్ళు కొన్ని మిగిలి ఉన్నాయి. బాబా అరచెయ్యి చాపాడు. సిలార్ ఆ గుల్లను అరచేతిలో ఉంచి, గుంటలో నిలిచేలా నీళ్ళు పోశాడు.

"ఇప్పుడు వెయ్యనా?"

"ఆగు."

బాబా చెయ్యి కదపలేదు. గొంగళి కింద నుంచి చాపిన ముసలి చెయ్యి, మామూలుగా వణికేదే, ఇప్పుడు వణకడం లేదు. సిలార్ బర్మా పట్టుకుని కూర్చున్నాడు. అతనికి తొందరగా ఉంది. గంధం ఏర్పాట్లు ఉన్నాయి, కొత్త కుండ వెతకాలి, ఎవరితో నీళ్ళు తెప్పించాలో చూడాలి. రెండుసార్లు నోరు తెరిచాడు. బాబా తల ఎత్తలేదు.

అప్పుడు ఆ గోధుమరంగు పొర కదిలింది.

తలుపు తీసినట్టు ఒక పక్కకు జరిగింది. లోపల్నుంచి తడిగా, మెత్తగా ఏదో బయటికొచ్చింది. దానికి సూదిమొనంత రెండు కొమ్ములు. అవి ఇటూ అటూ గాలిలో తడిమాయి. గుల్ల పైకి లేచింది. నడవడం మొదలుపెట్టింది. జారుతూ పోలేదు. ఒకసారి ఎడమ పక్క, ఒకసారి కుడి పక్క ఎత్తి వేస్తూ, మనిషి అడుగు మార్చినట్టే మారుస్తూ, బాబా బొటనవేలి వైపు పోతోంది.

బాబా మెల్లగా అరచెయ్యి సిలార్ ముందుకు జరిపాడు.

"ఇప్పుడు వెయ్యి," అన్నాడు.

సిలార్ చేతిలోంచి బర్మా జారి బండ మీద పడింది.

అతను లేచి వసారాలోకి పరిగెత్తాడు. గూటి దగ్గర నిలబడి మొదటిసారి గోడ వైపు తలెత్తి చూశాడు. తెల్లటి సున్నం గోడ మీద, గూటికి పైన, చూరు కిందిదాకా, నల్లటి చుక్కలు. పొద్దున్నుంచి ఎంతమంది ఆ గోడ ముందు నిలబడ్డారు! అసిరమ్మను దొంగ అన్నప్పుడు సిలార్ వీపు ఆ గోడకే ఉంది. చూరు నీడలో, చల్లగా, పోయిన గుల్లలన్నీ నోళ్ళు మూసుకుని అంటుకుని ఉన్నాయి. తను బిస్మిల్లా అంటూ పోసిన సముద్రపు నీళ్ళే వాటిని లేపాయి.

ఒక్కోదాన్ని వేళ్ళు తడుపుకుంటూ ఊడదీసి చేటలో వేశాడు. తర్వాత ముంగిట్లో మోకాళ్ళ మీద కూర్చుని వెతికాడు. నిన్న తను విసిరేసింది దొరికింది. చీలిన గుల్లకు చీమలు పట్టి ఉన్నాయి. చీమలు ఖాళీ గుల్లకు పట్టవు. చీమల్ని ఊది, తన తుండుగుడ్డ కొసన దాన్ని ముడి వేసుకున్నాడు.

మిగతావాటిని పొద్దుగూకక ముందే రాళ్ళ మీద, తీసినచోటే, పెట్టి వచ్చాడు. అట్నుంచి అటే జాలరిపేటకు వెళ్ళాడు.

అసిరమ్మ గుమ్మంలో కూర్చుని ఎండుచేపలు ఏరుతోంది. పక్కన ఆమె కోడలు. కుండ లోపల మూల బోర్లించి ఉంది.

"తప్పయిపోయింది," అన్నాడు సిలార్, వంగి, ఆమెకు మాత్రమే వినపడేలా. "నువ్వు తీయలేదు. నాకు తెలిసిపోయింది."

ఆమె తలెత్తలేదు. చేప తీసింది, దులిపింది, గంపలో వేసింది. ఇంకో చేప తీసింది. అతను మళ్ళీ అన్నాడు. ఆమె ముఖం పక్కకు తిప్పుకుంది. అతను తిరిగొచ్చేశాడు.

"చెప్పాను హజరత్," అన్నాడు బాబాతో. గొంతులో కొంచెం నిష్ఠూరం కూడా ఉంది. చూశారా, ఇంత జరిగినా నిష్ఠూరం! "క్షమించమని అడిగాను. ఒక్క మాట కూడా పలకలేదు."

"ఊపి చూశావా?" అన్నాడు బాబా.

సిలార్ తల దించుకున్నాడు.

మర్నాడు తెల్లవారగానే మళ్ళీ వెళ్ళాడు. ఈసారి ఏమీ అనలేదు. ఆమె గుమ్మానికి ఎదురుగా ఇసకలో కూర్చున్నాడు. వలలు భుజాన వేసుకుని పోయేవాళ్ళు చూసి నవ్వుకున్నారు. పేటలో పిల్లలు చుట్టూ తిరిగారు. ఎండ ఎక్కింది. తుండుగుడ్డ తలకు చుట్టుకోవచ్చు. కొసన ముడి ఉందని చుట్టుకోలేదు. అసిరమ్మ లోపలికి పోయింది, బయటికి వచ్చింది, మళ్ళీ లోపలికి పోయింది. అతను కదలకుండా కూర్చున్నాడు.

చివరికి ఆమె గుమ్మంలోకి వచ్చి నిలబడింది.

"ఏటి సూత్తన్నావు? ఏటి కావాల నీకు?"

సిలార్ లేచి నిలబడ్డాడు. "అమ్మా..."

"అమ్మంట, అమ్మ! మీ యమ్మనయితే కొంగు ముడి ఇప్పమందువా? తప్పయిపోనాదని నా సెవిలో గొణుగుతావు. దొంగని ఎక్కడన్నావు? నా సెవిలో అన్నావా? దర్గా ముంగిట, పదిమందిలో, అరిసి అన్నావు. పొరుగూరోలు ఇన్నారు. ఆలు ఊరెల్లి సెప్తారు. నీకేటి పోనాది? గుప్పెడు గుల్లలు! రేపు నా కోడలు ఈ కుండట్టుకుని నీల్లకెల్తే, అదిగో దొంగ కోడలంతారు. దాని కోడలినీ అంతారు. అయ్యన్నీ ఇక్కడ ఇసకలో కూకుంటే పోతాయేటి?"

ఆమె కొంగుతో ముఖం తుడుచుకుని మళ్ళీ ఎత్తుకుంది.

"అన్నకాడే అను. అరిసే అను. అప్పుడు సూత్తాను, నీల్లు తేవాలో నేదో."

తలుపు వేసేసింది.

సిలార్ వేగంగా గుట్టకు తిరిగొచ్చాడు. పైకి ఎక్కకుండా రాళ్ళ వైపు దిగుతుంటే, మెట్ల మీద కూర్చున్న బాబా పిలిచాడు.

"ఎక్కడికి బేటా?"

"ఆ గుల్లల్లో ఒకదాన్ని తెస్తాను హజరత్. అందరి ముందూ చెప్పాలి. గుల్లలు వాటంతటవే నడిచిపోయాయంటే ఎవరు నమ్ముతారు? మీరు చూపించినట్టే చూపిస్తాను. లేకపోతే నవ్వుతారు."

"నిన్న దొంగ అన్నప్పుడు ఏం చూపించావు?"

సిలార్ కాలు రాయి మీదే ఆగిపోయింది. వెనక్కి తిరిగి, ఖాళీ చేతులతో పైకి ఎక్కాడు.

సాయంత్రపు అసర్ నమాజు అయింది. ముంగిలి జనంతో నిండిపోయింది. సమాధి ముందు సాన పెట్టారు. పక్కన గంధపు చెక్క. సాన పొడిగా ఉంది. బాబా దాని ముందు కూర్చుని కణుపులు లెక్కపెట్టుకుంటున్నాడు. పొద్దు వాలుతోంది. జనం గుసగుసలాడుతున్నారు.

"హజరత్, వంటపాకలో నీళ్ళున్నాయి, తేనా?" అన్నాడు ఖాజావలి.

బాబా అతని వైపు చూడనైనా లేదు.

సిలార్ వసారా అరుగెక్కి, నిన్న నిలబడినచోటే నిలబడ్డాడు. నిన్నటంత గట్టిగానే అరిచాడు.

"నిన్న ఇక్కడ అసిరమ్మను దొంగ అన్నాను. కొంగు ముడి విప్పమన్నాను. ఆమె ఏమీ తీయలేదు. అవి ఖాళీ గుల్లలు కావు. ప్రాణమున్నవి. నేను తడిపితే లేచి, ఈ గోడెక్కి పోయాయి. తప్పు నాది."

ఎవరో పక్కున నవ్వారు. ఆ నవ్వింది ఖాజావలి. దాంతో ముంగిలంతా నవ్వింది.

"గుల్లలు నడిచిపోయాయట!"

"సాయిబు గారు కడిగిన గుల్లలు కదా, నమాజుకు పోయుంటాయి!"

"ఏదీ, ఒకటి నడిపించు చూద్దాం!"

సిలార్ చెవులు కాలిపోతున్నాయి. పాక్ కానివేవో ఇన్నాళ్ళూ తను ఎవరెవరికి చెప్పాడో వాళ్ళందరూ అక్కడే ఉన్నారు, కళ్ళ నీళ్ళు వచ్చేలా నవ్వుతున్నారు. నలభై అడుగులు కిందికి దిగితే చాలు, రాళ్ళ నిండా రుజువులే. అతను కదల్లేదు.

"చూపించడానికి నా దగ్గర ఏమీ లేదు," అన్నాడు. "నవ్వుకోండి. నన్ను అబద్ధాలకోరు అనుకోండి, పిచ్చివాడనుకోండి. ఆమె మాత్రం దొంగ కాదు. మీ ఊళ్ళకు పోయి ఈ మాట కూడా చెప్పండి."

నవ్వు ఆగలేదు. కానీ మెట్ల వైపున్న జనం పక్కకు జరుగుతున్నారు. అసిరమ్మ వస్తోంది. నెత్తిన కుండ. వెనకే కోడలు. మెట్ల కింద ఎప్పటినుంచి నిలబడి వింటోందో ఎవరికీ తెలీదు.

సిలార్ ముందు నుంచే నడిచింది. అతని వైపు చూడలేదు, నవ్వలేదు. ఇంకా నోరు మూయని ఖాజావలి దగ్గర ఆగింది.

"ఇన్నేల్లు నీల్లు తాగినప్పుడు తెరిసినావు గదా ఆ నోరు," అంది. "నిన్న ఏటయిపోనాది?"

ఖాజావలి నవ్వు ముఖం మీదే ఎండిపోయింది. ముంగిట్లో నవ్వు కూడా ఆగింది. ఖాజావలిని అన్న మాట అక్కడున్న ప్రతివాడికీ తగిలింది. తగలాలి కూడా.

అసిరమ్మ కుండ దించి సాన మీద నీళ్ళు వంచింది. బాబా తల వంచి ఆమెకు సలాం చేశాడు. తర్వాత సిలార్ వైపు చూశాడు.

"తస్బీహ్ తెస్తానన్నావు."

సిలార్ దగ్గరికి వచ్చి ఖాళీ చేతులు చాపాడు. బాబా ఆ చేతుల్లో గంధపు చెక్క పెట్టాడు.

"అరగదియ్యి," అన్నాడు.

సిలార్ సాన ముందు కూర్చున్నాడు. చెలమ నీళ్ళలో గంధం తేలింది. వాసన ముంగిలంతా పరుచుకుంది. కాస్సేపటికి ఖాజావలి పక్కన చేరి, మెల్లగా అతని చెవిలో అన్నాడు.

"అంతా బాగానే ఉంది గానీ, ఆ కొంగు ముడిలో ఏముందో నీకు చెప్పిందా?"

అసిరమ్మ నాలుగడుగుల దూరంలోనే నిలబడి ఉంది. ముడి నిన్నటిలాగే బొడ్లో దోపి ఉంది. సిలార్ తల ఎత్తి అటు చూడలేదు. భుజం మీది తుండుగుడ్డ కొసనున్న ముడిని ఎడమచేత్తో గుప్పిట పట్టుకుని, కుడిచేత్తో గంధం అరగదీస్తూ ఉండిపోయాడు.